వంగ, హిందీ చలనచిత్రాలలో భూతగృహం

రహస్యం తెలిసిపోయిన కథను మనుష్యుడు రెండవమారు వినడని లోకంలో ఒక అభిప్రాయం ఉన్నది. అపరాధ పరిశోధక నవలల విషయంలో ఇది చాలవరకు నిజం. హంతకుడెవరో తెలిసిన పిమ్మట ఆ పుస్తకం అటకెక్కుతుంది. కాని 1949లో వెలువడిన ‘మహల్’ చిత్రంలో అర్ధరాత్రివేళ పాడే స్త్రీ ఎవరో మూడు తరాల ప్రేక్షకులకు తెలుసు. తెలిసియుండి కూడ వారు ఆ చిత్రాన్ని మళ్ళీ మళ్ళీ చూస్తున్నారు. గాలికి ఊగే షాండిలియరు, ఖాళీ ఉయ్యాల, ఎవరో ఇప్పుడే దాటిపోయిన వసారా: ఇవి కనబడగానే మొదటిసారి చూస్తున్నట్లే నిశ్శబ్దులవుతున్నారు. భయమే ఈ చిత్రాల ప్రాణమైతే, ఆ భయం ఒక్క ఆటతో తీరిపోవలసినది. అది తీరలేదు కనుక, ఆ ఆకర్షణకు మూలం మరొకచోట ఉన్నదని ఒప్పుకొనక తప్పదు.

ఆ మూలాన్ని వెదకడానికి చిత్రశాలనుండి గ్రంథాలయానికి పోవలసి ఉంటుంది. భారతీయ చలనచిత్రాలలోని భూతగృహానికి పునాదిరాయి వేసినది రవీంద్రనాథ ఠాకూరు. 1878లో ఆయన ఇంగ్లండుకు ప్రయాణం కాకముందు కొన్ని నెలలు అహమ్మదాబాదులో గడిపినాడు. అన్నగారు సత్యేంద్రనాథులు అక్కడ న్యాయాధికారి. వారి నివాసం సబర్మతీ తీరాన షాహీబాగులో, షాజహాను యువరాజుగా ఉన్నకాలంలో కట్టించిన మహలు. అన్నగారు కచేరీకి వెళ్ళగానే, పావురాల కువకువలు తప్ప వేరు సవ్వడి లేని ఆ పెద్ద భవనంలో పదిహేడేండ్ల కుర్రవాడు ఒంటరిగా గదిగదీ తిరిగేవాడు. ఆ ఒంటరితనమే ‘క్షుధిత పాషాణ్’ కథకు బీజమని రవీంద్రుడే తరువాత తన స్మృతులలో చెప్పుకొన్నాడు. కథ వెలువడినది 1895లో.

ఆ కథలోని ఉద్యోగి హైదరాబాదు నిజాం కొలువులో చేరినవాడనే సంగతిని తెలుగు పాఠకుడు విస్మరించరాదు. బరీచి అనే ఊరిలో ప్రత్తిసుంకం వసూలు చేయడం అతని పని. పగలు అతడు లెక్కల పుస్తకాల మనిషి; కోటు, టోపీ ధరించిన అధికారి. చీకటి పడగానే, రెండున్నర శతాబ్దాల క్రిందట షా మహమూదు కట్టించిన విలాసభవనం అతనిని తనలోకి లాగుకొంటుంది. కనబడని స్త్రీల అందెల సవ్వడి, అత్తరుల వాసన, ఎక్కడో వెక్కివెక్కి ఏడ్చే ఒక గొంతు అతనిని చుట్టుముడతాయి. తెల్లవారగానే పిచ్చివాడు మెహర్ అలీ ఆ మహలు చుట్టూ తిరుగుతూ, అందరినీ దూరంగా పొమ్మని, ఇదంతా అసత్యమని కేకలు వేస్తాడు. తీరని కోరికల శాపంవలన అక్కడి ప్రతి రాయీ ఆకలిగొని ఉన్నదని ముసలి గుమాస్తా కరీంఖాన్ చెబుతాడు. ఇంతలో రైలు వస్తుంది. అసలు కథ సగంలో ఆగిపోతుంది. విన్నవారిలో ఒకడు అది మొదటినుండి చివరివరకు కల్పన అంటాడు. దివ్యజ్ఞాన సమాజపు మతం గల అతని బంధువు అట్లా అనుకొనడు. ఆ తగవుతో వారిద్దరికీ జన్మాంతం మాటలు లేకుండా పోతాయి.

తరువాతి చిత్రాలకు కావలసినవన్నీ ఈ చిన్న కథలో అమరి ఉన్నవి. బయటినుండి వచ్చిన చదువుకొన్న యువకుడు, ఒకప్పుడు వైభవం అనుభవించిన భవనం, అందులో బందీయై అన్యాయమైపోయిన స్త్రీ, హెచ్చరించే పిచ్చివాడో ముసలివాడో, చివరకు నమ్మకానికీ అపనమ్మకానికీ నడుమ తెగని వ్యాజ్యం. వీటిలో గమనింపదగినది ఒకటి. భవనం దుష్టమైనది కాదు; అది ఆకలిగొన్నది. రాబర్ట్ వైజ్ 1963లో తీసిన ‘ది హాంటింగ్’ అనే ఆంగ్లచిత్రంలో దయ్యం ఒక్కసారి కూడ కంటికి కనబడదు. మూసిన తలుపు మాత్రం ఊపిరి పీల్చినట్లు లోపలికి ఉబ్బుతుంది. అక్కడ ఇల్లే విరోధి. భారతీయ చిత్రంలోని ఇల్లు బాకీ తీరని ఇల్లు. ఎవరికో ఇవ్వవలసినది ఇవ్వక తలుపులు మూసుకొన్నది. విరోధినుండి పారిపోవచ్చు, బాకీనుండి పారిపోవడం సులభం కాదు.

తపన్ సిన్హా 1960లో ఈ కథను వంగభాషలో చిత్రంగా తీసినాడు. సౌమిత్ర చటర్జీ, అరుంధతీ దేవి ముఖ్యపాత్రలు ధరించిరి. అలీ అక్బర్ ఖాన్ సంగీతం కూర్చినాడు. శ్రద్ధగా, మర్యాదగా తీసిన చిత్రమది. అయినా కథలోని ఒక సుగుణం తెరమీద కొంత తరిగినది. రవీంద్రుని కథలో ఆ స్త్రీకి స్థిరమైన ముఖం లేదు. పాఠకుడు తన ఊహను అరువిచ్చి ఆమెను కల్పించుకోవలసినదే. కెమేరా మాత్రం ఎవరో ఒక నటిని చూపక తప్పదు. చూపిన క్షణాన నీడకు కొలత ఏర్పడుతుంది. ఈ నష్టాన్ని సరోదు కొంతవరకు పూరించినది. కంటికి కనిపించినది తగ్గించినదానిని చెవికి వినిపించినది మళ్ళీ పెంచినది. 1991లో గుల్జార్ ఈ కథాచ్ఛాయలోనే ‘లేకిన్’ తీసి, మహలును రాజస్థాన్ ఎడారికి తరలించి, సుంకాధికారికి బదులు పాతవస్తువుల జాబితా వ్రాయవచ్చిన ప్రభుత్వోద్యోగిని పెట్టినాడు. అందులో స్త్రీ కోరేది ప్రేమ మాత్రమే కాదు. తన కాలమనే చెరనుండి విడుదల. రవీంద్రుడు రైలు రాకతో ఆపివేసిన కథను తొంబది ఏండ్లకు పైబడిన పిమ్మట ఎవరో పూర్తిచేయబూనినట్లు ఆ చిత్రం తోస్తుంది.

కాని భూతగృహాన్ని హిందీ చిత్రపు సొంత ఆస్తిగా మార్చినవాడు కమాల్ అమ్రోహీ. ‘మహల్’ ఆయన దర్శకత్వం వహించిన మొదటి చిత్రం. బాంబే టాకీస్ వారిది. జర్మనీనుండి వచ్చిన జోసెఫ్ విర్షింగ్ ఛాయాగ్రహణం, బిమల్ రాయ్ కూర్పు. అలహాబాదులో యమునాతీరాన ఉన్న పాతభవనానికి హరిశంకర్ కొత్త యజమానిగా వస్తాడు. ఆ మేడ కట్టించినవాని పటం గోడమీద ఉన్నది. అందులోని ముఖం తన ముఖమే. ఆ యజమాని నీటిలో మునిగిపోయినాడనీ, అతనికై ఎదురుచూచిన కామిని కూడ ఎంతోకాలం బ్రతకలేదనీ ముసలి తోటమాలి చెబుతాడు. అదే రాత్రి పాట వినిపిస్తుంది. పిమ్మట కథ నడచేది ఆ పాట వెంటనే.

కామిని దయ్యం కాదు, తోటమాలి కూతురు ఆశ. ఈ సత్యం చివర న్యాయస్థానంలో బయటపడుతుంది. తర్కదృష్టితో చూచినవారు ఇది చవకబారు ఉపాయమనీ, దయ్యాన్ని పెట్టి ప్రేక్షకుని భయపెట్టి, ఆ పైన దయ్యం లేదని తప్పించుకొనడమనీ ఆక్షేపించవచ్చును. ఆక్షేపణ న్యాయంగానే కనిపిస్తుంది. అయితే ఆశ చెప్పుకొన్న సంగతిని నిదానంగా ఆలోచిస్తే, వివరణ తరువాత చిత్రం తేలికపడడానికి బదులు బరువెక్కుతుంది. ఆ పాడుమేడలో ఒంటరిగా పెరిగిన పిల్ల, తండ్రి చెప్పిన ప్రేమకథను వినివిని, ఆ కథలోని స్త్రీ తానే అయినట్లు భావించుకొన్నది. తోటమాలి కూతురుగా ఆమెకు ఆ మేడలో ఊడ్చే పని ఉన్నది, దీపం వెలిగించే పని ఉన్నది. యజమానితో మాటాడే అర్హత లేదు. చనిపోయిన రాణి అయితేనే ఆమె పలుకు అతని చెవికి చేరుతుంది. బ్రతికినదానికి లేని చోటు చచ్చినదానికి ఉన్నది. ఇంతకన్న భయంకరమైన సంగతిని ఏ ప్రేతమూ చెప్పలేదు. మొదటిసారి చూచినప్పుడు ప్రేక్షకుడు దయ్యాన్ని చూస్తాడు. రెండవసారి దయ్యంగా మారితే తప్ప గతిలేని పిల్లను చూస్తాడు. చిత్రం రెండవసారి చూడదగినది కావడానికి ఇదొక ముఖ్యకారణం.

ఈ చిత్రంలోని పాట విషయం ప్రత్యేకంగా చెప్పదగినది. ఖేమ్‌చంద్ ప్రకాశ్ సంగీతంలో దానిని పాడినప్పుడు లతా మంగేష్కర్ వయస్సు సుమారు ఇరువది ఏండ్లు. గొంతు దూరంనుండి దగ్గరకు వస్తున్నట్లు వినిపించడానికి, గది మూలనుండి మైకు వైపు నడుస్తూ పాడవలసివచ్చిందని ఆమె చెప్పేవారు. తొలి రికార్డులమీద గాయని పేరు లేదు; పాత్ర పేరు ‘కామిని’ అని మాత్రమే అచ్చయినది. ఆ గొంతు ఎవరిదని శ్రోతలు అడుగసాగినారు. కథలో తోటమాలి కూతురు కామిని పేరు వెనుక దాగినట్లే, కథ వెలుపల ఒక గాయని అదే పేరు వెనుక దాగి ఉండవలసివచ్చినది. సంగీతదర్శకుడు 1950లోనే మరణించినాడు. పాటకు వచ్చిన దీర్ఘాయువును ఆయన చూడలేదు.

ఇక్కడ భారతీయ భూతగృహానికీ పాశ్చాత్య భూతగృహానికీ గల రెండవ భేదం తేటపడుతుంది. అక్కడ భయాన్ని మోసేది కిర్రుమనే తలుపు, ఇక్కడ పాట. తలుపు చప్పుడు ఒకసారి బెదరిస్తుంది. పాట అయితే ప్రేక్షకునితో ఇంటికి వస్తుంది, వంటయింటిలో వినిపిస్తుంది, రేడియోలో మళ్ళీ పలుకుతుంది. కథలోని ముడి విప్పవచ్చును గాని రాగాన్ని విప్పి చూపలేము. న్యాయస్థానం ఆశను గుర్తించినది. పాటలో పిలిచినది ఆశయా, కామినియా, మరెవరైనానా అన్న ప్రశ్నకు ఏ న్యాయస్థానమూ తీర్పు చెప్పలేదు. బుద్ధికి సమాధానం దొరికిన పిమ్మట కూడ చెవికి దొరకని ఆ సమాధానమే ప్రేక్షకుని మళ్ళీ రప్పిస్తున్నది.

బిమల్ రాయ్ 1958లో తీసిన ‘మధుమతి’ ఈ వరుసను తలక్రిందులు చేసినది. కథ ఋత్విక్ ఘటక్‌ది, సంగీతం సలిల్ చౌధురిది. తుఫాను రాత్రి కొండదారి మూసుకుపోగా, ఒక ఇంజనీరు పాతమేడలో తలదాచుకొంటాడు. ఆ మేడ తాను ఎరిగినదే అనిపిస్తుంది. పూర్వజన్మ గుర్తుకు వస్తుంది. ఆ జన్మలో అతడు ఎస్టేటు ఉద్యోగి ఆనంద్. కొండజాతి పిల్ల మధుమతిని రాజా ఉగ్రనారాయణ్ బలిగొన్నాడు. నేరం ఒప్పించడానికి ఆనంద్ ఆమె పోలికలున్న మాధవిని దయ్యంగా నటించుమంటాడు. నిర్ణయించిన వేళకు స్త్రీ వస్తుంది, మరణించిన మధుమతికి తప్ప ఎవరికీ తెలియని ప్రశ్నలు అడుగుతుంది, రాజు నేరం ఒప్పుకొంటాడు. అప్పుడు మాధవి ఆలస్యంగా వచ్చి తలుపు తీస్తుంది. ‘మహల్’లో దయ్యమనుకొన్నది నటన, ‘మధుమతి’లో నటన అనుకొన్నది దయ్యం. 2007లో వచ్చిన ‘ఓం శాంతి ఓం’ ఈ ముగింపునే మళ్ళీ వాడుకొన్నది. అర్ధశతాబ్ది తరువాత కూడ దాని పదును పోలేదు. కారణం ఊహించడం కష్టం కాదు. రాజా ఉగ్రనారాయణ్ వంటివానిని బోనులో నిలబెట్టగల సాక్షి ఆ అడవిలో లేదు. చట్టం చేయలేని పనికి చచ్చినవారే రావలసివచ్చినది.

ఈ చిత్రాలు వచ్చిన కాలాన్ని కూడ తలచవలసి ఉన్నది. 1947లో దేశవిభజన జరిగినది. ఎన్నో ఇండ్లు ఒక్కరాత్రిలో యజమానులను పోగొట్టుకొన్నవి, ఎందరో ఇతరులు వెలిగించిన పొయ్యిలవద్ద కాపురాలు పెట్టిరి. ఉమ్మడి మద్రాసు రాష్ట్రంలో 1948లో ఎస్టేట్ల రద్దు చట్టం వచ్చినది. ఆంధ్రప్రాంతపు జమీలు దానితోనే పోయినవి. ఉత్తరప్రదేశ్‌లో జమీందారీ రద్దు 1952లో అమలైనది. పశ్చిమ వంగంలో చట్టం 1953 నాటిది. ‘మహల్’ కథారచయితకు ఇవన్నీ ఉద్దేశమని చెప్పడం సాహసమవుతుంది. కాని గది గదికీ తాళాలు పడుతున్న దివాణాలను కన్నులార చూస్తున్న జనానికి, పాడుపడిన మేడ వట్టి రంగాలంకరణగా తోచియుండదు. అందులో ఎవరు సుఖపడినారు, ఎవరు ఏడ్చినారు అన్న ప్రశ్న అందరి నాలుకలమీదా ఉండేది.

దయ్యం లేకుండానే ఈ ప్రశ్న వేసిన చిత్రాలు రెండు ఉన్నవి. తారాశంకర్ బందోపాధ్యాయ కథ ఆధారంగా సత్యజిత్ రాయ్ 1958లో ‘జల్సాఘర్’ తీసినాడు. ముర్షిదాబాదు జిల్లా నిమ్‌తితా రాజభవనం అందులో ఒక పాత్రయే. ఒక్కొక్క దీపం ఆరిపోవడం చూచి వణికే జమీందారు బ్రతికియుండగానే తన ఇంటి ప్రేతమైనాడు. బిమల్ మిత్ర నవల ఆధారంగా 1962లో వచ్చిన ‘సాహిబ్ బీబీ ఔర్ గులాం’లో కూలీలు పాత హవేలీని పడగొడుతుంటారు, ఓవర్‌సీయరు ఆ శిథిలాలలో కూర్చుని గతాన్ని వింటాడు, చివరకు మట్టిలోనుండి ఒక స్త్రీ అస్థిపంజరం, దాని చేతికి కంకణం బయటపడుతాయి. ఆ ఓవర్‌సీయరు పేరు భూత్‌నాథ్. దయ్యపు కథలో చెప్పే సంగతికీ, ఈ చిత్రం చెప్పిన సంగతికీ భేదం స్వల్పం. గోడలలో స్త్రీ ఉన్నది; గోడ పడితే గాని ఆమె సంగతి తెలియదు.

తరువాతి దశాబ్దంలో ఈ ధోరణి వ్యాపారసరుకుగా మారినది. బీరేన్ నాగ్ 1962లో ‘బీస్ సాల్ బాద్’, 1964లో ‘కోహ్‌రా’ తీసినాడు. మొదటిది షెర్లాక్ హోమ్స్ నవలకూ, రెండవది డాఫ్నే డు మారియర్ ‘రెబెకా’కూ ఋణపడినవి. 1964లోనే రాజ్ ఖోస్లా ‘వో కౌన్ థీ’ వచ్చినది. దానిని 1966లో తెలుగున ‘ఆమె ఎవరు?’ అను పేర జగ్గయ్య, జయలలితలతో తీసిరి. ఈ చిత్రాలలో దయ్యం వెనుక ఒక వీలునామా, ఒక ఆస్తి, ఒక కుట్ర దాగి ఉంటుంది. ఇందులో మెచ్చుకొనదగిన చమత్కారం లేకపోలేదు. ఇల్లంటే చివరకు ఆస్తియే అన్న చేదునిజం ఇందులో ఉన్నది. అయినా ‘మహల్’లో ఆశ మోసం ఆమె గుండెలోనుండి వచ్చినది, ఇక్కడి మోసం దస్తావేజులోనుండి వచ్చినది. కుట్ర బయటపడగానే మేడ ఖాళీ అవుతుంది. వీటిలో మిగిలినవి చాలవరకు మదన్ మోహన్, హేమంత్ కుమార్‌ల పాటలే. రామ్సే సోదరులు 1984లో తీసిన ‘పురానా మందిర్’ నాటికి కుట్ర కూడ పోయి, గోళ్ళు పెంచిన రాక్షసుడు మిగిలినాడు. అది బెదరించినది, నవ్వించినది, తలపులో నిలువలేదు.

మళ్ళీ ఇంటికి ప్రాణం పోసినది మలయాళం. ఫాజిల్ 1993లో తీసిన ‘మణిచిత్రతాళ్’ కేరళలోని పాత తరవాడులో జరిగే కథ. తాళం వేసిన గదిలో ఒకప్పుడు తంజావూరునుండి తెచ్చి చంపబడిన నర్తకి ఉన్నదంటారు. కొత్తకోడలు గంగ ఆమెగా మారిపోతుంది. వైద్యుడు అది మనోవ్యాధి అని తేలుస్తాడు. శోభనకు జాతీయ ఉత్తమనటి బహుమానం తెచ్చినది ఈ పాత్రయే. ఆ కథ ఇతర భాషలకు పోయినప్పుడు జరిగిన మార్పు అనువాదకులందరూ పరిశీలింపదగినది. మలయాళ గృహంలో దయ్యం తమిళం మాటాడినది. 2005 నాటి తమిళ ‘చంద్రముఖి’లో దయ్యం తెలుగు మాటాడినది. అదే చిత్రం తెలుగులోకి దిగినప్పుడు పాట తమిళమైనది. 2007లో హిందీ ‘భూల్ భులయ్యా’కు వచ్చేసరికి ఆమె వంగదేశపు నర్తకి అయినది. కథ ఎక్కడకు పోయినా, దయ్యం మాత్రం ఆ ఇంటి భాష మాటాడదు.

ఇది యాదృచ్ఛికం కాదు. పరాయిదేశంనుండి బలవంతంగా తీసుకొనిరాబడి, తన మాట అర్థమయ్యేవారు ఒక్కరూ లేని ఇంటిలో చనిపోయిన స్త్రీ, మరొక స్త్రీ నాలుకను అరువు తెచ్చుకొని తన భాషలోనే తన కథను చెప్పుకొంటున్నది. అనువదించినవారు మాటలను మార్చినారు గాని పరాయితనాన్ని మార్చలేదు. మార్చితే కథయే ఉండదని వారికి తెలిసినది. రవీంద్రుని కథలో ఏడ్చిన స్త్రీ కూడ పారశీక దేశపు పిల్లయే. వందేండ్లలో రాళ్ళ ఆకలి మారలేదు. చెప్పే శాస్త్రం మాత్రం దివ్యజ్ఞానంనుండి మనోవైద్యానికి మారినది.

ఈ చిత్రాలు మూఢనమ్మకాలను పెంచుతాయన్న నింద చాలకాలంగా ఉన్నదే. చౌకరకం వాటి విషయంలో అది తోసిపుచ్చరానిది. కాని ఉత్తమమైన వాటిపై మోపవలసిన నేరం వేరొకటి ఉన్నది. ‘మహల్’లో హరిశంకర్‌కు పెండ్లాడిన భార్య రంజన ఉన్నది. భర్త తన మేలిముసుగు ఎత్తి చూడని సంసారం చేసి, చివరకు విషం త్రాగి మరణించినది. ప్రేక్షకుని సానుభూతి అంతా ఉయ్యాలమీది సుందరికి పోయినది. ఎదుట ఉన్న భార్యకు దక్కినది కొద్ది.  జరిగిపోయిన అన్యాయానికి కన్నీరు కార్చే కళ, తన కన్నుల ముందు జరుగుతున్న అన్యాయాన్ని దాటిపోయినదంటే అది చిన్న లోపం కాదు. గతాన్ని ప్రేమించేవారికి వర్తమానం దయ్యంవలె కనబడకుండా పోతుందని చెప్పడమే దర్శకుని ఉద్దేశమని సమర్థించవచ్చును. చిత్రంలో అందుకు ఆధారాలు ఉన్నవి. కాని ఆ సమర్థన కెమేరా పక్షపాతాన్ని పూర్తిగా కప్పివేయలేదు.

నేడు హవేలీలు హోటళ్ళయినవి. షాహీబాగు మహలు సర్దార్ పటేల్ స్మారకభవనమైనది. రాంగోపాల్ వర్మ 2003లో ‘భూత్’ తీసినప్పుడు దయ్యాన్ని బొంబాయిలోని అపార్టుమెంటుకు చేర్చి పాటలను పూర్తిగా తొలగించినాడు. అక్కడ కూడ కథ అదే. ఆ వాటాలో ఇంతకుముందు ఉన్న స్త్రీకి ఏమి జరిగినదో ఇరుగుపొరుగు అడుగలేదు. మేడ చిన్నదైనది, బాకీ అట్లే ఉన్నది.

కనుక భూతగృహ చిత్రాల ఆకర్షణను భయంతో కొలవడం పొరపాటు. ప్రతి ఇంటికీ ముందు కాపురమున్నవారు ఉంటారు. సున్నం వేసిన గోడ క్రింద పాత రంగు ఉన్నట్లు, ప్రతి సుఖం క్రింద ఎవరిదో చెల్లని లెక్క ఉండవచ్చునన్న శంక గృహస్థులందరిలోనూ ఉన్నది. పగటివేళ సుంకం లెక్కలు వ్రాసుకొనే మనిషి ఆ శంకను వినడు. చీకటి పడిన చిత్రశాలలో మూడు గంటలు వినడానికి అతనికి వెసులుబాటు దొరుకుతున్నది. రైలు వచ్చి కథను ఆపివేసినప్పుడు విన్నవారు అది కల్పన అని తమలో తాము చెప్పుకొన్నారు. చెప్పుకొన్న తరువాత కూడ ఆ పారశీక బాలిక కథ ఏమైనదో తెలిసికొనాలన్న కోరిక వారిని వదలలేదు.